లిగాయా మోంతెస్ కాళ్ల కింద

నేను ఒక చెక్కపెట్టెను. పొడవు ఇరవై అంగుళాలు, వెడల్పు పన్నెండు, ఎత్తు ఎనిమిది. నాకు తాళం లేదు, మూత తెరుచుకోదు, లోపల ఏమీ లేదు. చెయ్యి పెట్టి ఎత్తడానికి రెండు పక్కలా రెండు రంధ్రాలున్నాయి. మనుషులు నా మీద నిలబడతారు. నా వృత్తి అంతే.

నేను నాలుగు సినిమాల షూటింగుల్లో పనిచేశాను. ఒక్క ఫ్రేములోనూ కనిపించలేదు. కనిపించి ఉంటే ఆ షాట్ మళ్లీ తీసేవాళ్లు.

మనీలా నగరంలో లుంటియన్ పిక్చర్స్ అని ఒక స్టూడియో ఉండేది. అక్కడి వడ్రంగి మాంగ్ తెర్యో నన్ను చేశాడు. మాంగ్ అనేది పెద్దవయసు మగవాళ్లకు అక్కడివాళ్లిచ్చే గౌరవం. ఆడవాళ్లకైతే అలింగ్ అంటారు. నా చెక్క అంతకుముందు ఒక సినిమాలో చర్చి తలుపు. ఆ ముందు సినిమాలో జైలు తలుపు. భక్తి గానీ నేరం గానీ నాకేమీ అంటలేదు.

నన్ను చేయించాల్సిన అవసరం ఒక కొలత వల్ల వచ్చింది. స్టూడియో హీరో రమోన్ అల్తవాస్ ఆరడుగుల ఒక అంగుళం. కొత్త హీరోయిన్ నాలుగడుగుల పది అంగుళాలు. ఇద్దరినీ దగ్గరగా నిలబెట్టి క్లోజప్ పెడితే హీరో గడ్డం, హీరోయిన్ జుట్టు మాత్రమే వస్తున్నాయి.

"పిల్లని పెంచండి, లేకపోతే వాణ్ణి కొయ్యండి" అన్నాడు డైరెక్టర్ ముందో. అతన్ని అందరూ దిరెక్ అంటారు. ఆ దేశంలో డైరెక్టరును పిలిచే పద్ధతి అది.

మాంగ్ తెర్యో రెండింటిలో తేలికైన పని ఎంచుకున్నాడు.

హీరోయిన్ అసలు పేరు కొన్సోర్సియా అబెల్యానా. ఇంట్లో సోరింగ్. సెబూ నగరం ఎదురుగా ఉన్న మక్తాన్ దీవి అమ్మాయి. స్టూడియో వాళ్లు ఓడ సీను తీయడానికి సెబూ రేవుకు వెళ్లినప్పుడు ఆమె అక్కడ కూర్చుని పచ్చిమామిడికాయ చెక్కు తీస్తోంది. కెమెరా ఓడ నుంచి పక్కకు తిరిగింది. కావాలని కాదు, దాని స్టాండు వదులైంది. మనీలాలో ఆ ముక్క తెర మీద చూసిన స్టూడియో యజమానురాలు దోన్యా పూరా, "ఓడ బాగా లేదు. ఆ మామిడికాయ పిల్ల ఎవరు?" అంది.

అలా ఆమె సినిమాల్లోకి వచ్చింది. పేరు కోసం మూడు రోజులు మీటింగు జరిగింది. చివరికి లిగాయా మోంతెస్ అని ఖాయం చేశారు. లిగాయా అంటే ఆనందం. మోంతెస్ అంటే కొండలు. మక్తాన్ దీవి చాపలా చదునుగా ఉంటుంది. ఒక్క కొండ కూడా లేదు.

ముఖం కుదిరింది. పేరు కుదిరింది. తర్వాత ఆమె నోరు తెరిచింది.

మనీలా వాళ్ల భాష తగాలోగ్. సెబూ వాళ్ల భాష సెబువానో. సెబూ వైపు వాళ్లు తగాలోగ్ మాట్లాడితే 'ఎ' కాస్తా 'ఇ' అవుతుంది, 'ఒ' కాస్తా 'ఉ' అవుతుంది. మనీలాలో మెసా అంటే భోజనాల బల్ల. మిసా అంటే చర్చిలో చేసే ప్రార్థన. మొదటి రోజు మొదటి షాట్‌లో లిగాయా మోంతెస్ నా మీద నిలబడి, హీరో కళ్లలోకి ప్రేమగా చూస్తూ, "నీ అన్నం ప్రార్థన మీద పెట్టాను" అంది.

ఫ్లోరు మీద ముప్పై మంది నవ్వారు. హీరో నవ్వుతూ నన్నే ఒక తన్ను తన్నాడు.

ఆ రోజుల్లో మనీలా సినిమాల్లో ఆ యాస పనిమనిషి వేషాలది. పనిమనిషి వచ్చి నాలుగు మాటలంటే హాలు నవ్వాలి, వెళ్లిపోవాలి. హీరోయిన్‌కు ఆ యాస ఉండకూడదు. అందుకని అలింగ్ ఇస్యాంగ్‌ను పిలిపించారు.

అలింగ్ ఇస్యాంగ్‌కు యాభై రెండేళ్లు. రేడియో నాటకాల మనిషి. ఎడమవైపు దవడపన్ను లేదు. ఇరవై ఏళ్లుగా ఆవిడ పదిహేడేళ్ల అమ్మాయిగా మాట్లాడుతోంది. డబ్బింగ్ థియేటర్లో ఒకటే మైకు, పైనుంచి వేలాడుతూ ఉండేది. దాన్ని బిగించినవాడు తన నోటి ఎత్తుకు బిగించి వెళ్లిపోయాడు. కిందికి దించవచ్చని ఎవరికీ తోచలేదు. మరో పెట్టె చేయించవచ్చని కూడా తోచలేదు. అందుకని నన్నే మోసుకొచ్చేవాళ్లు.

పొద్దున ఫ్లోరు మీద లిగాయా మోంతెస్ ముఖం నా మీద నిలబడేది. మధ్యాహ్నం డబ్బింగ్ థియేటర్లో ఆమె గొంతు నిలబడేది. ముఖం నలభై కిలోలు. గొంతు ఎనభై రెండు. ఆ తారకు అభిమాన సంఘాలు ఆరు ఉండేవి. ఆమె మొత్తం బరువు మాత్రం నాకొక్కదానికే తెలుసు.

ఏడాది తిరిగేలోగా మూడు సినిమాలు వచ్చాయి. మూడూ ఆడాయి. సబ్బు క్యాలెండరు మీద ఆమె బొమ్మ పడింది. ఉత్తరాలు సంచుల్లో వచ్చేవి. అందులో చాలామంది ఆమె గొంతును మెచ్చుకున్నారు. అవి విడిగా కట్టకట్టి అలింగ్ ఇస్యాంగ్‌కు పంపమంది సోరింగ్. స్టూడియో పంపలేదు. అలా పంపితే రహస్యం బయటపడుతుందట.

మూడో సినిమా విడుదలైన నెలకు ఒక ఉత్తరం వచ్చింది. అది అభిమానిది కాదు. సోరింగ్ దాన్ని పట్టుకుని డబ్బింగ్ థియేటరుకు వచ్చింది. అలింగ్ ఇస్యాంగ్ టీ తాగుతోంది. సోరింగ్ నా మీద కూర్చుంది.

"మా మనోయ్ దగ్గర నుంచి" అంది. మనోయ్ అంటే సెబువానోలో అన్నయ్య. పేరు తిబూర్. చిన్నప్పుడు తట్టు పోసి రెండు కళ్లూ పోయాయి. మక్తాన్‌లో గిటార్లు తయారుచేస్తారు. వాటికి తీగలు శ్రుతి చేయడం అతని పని. సోరింగ్‌ను పెంచింది అతనే. ఉత్తరం పక్కింటావిడతో రాయించాడు.

"చదువు ఇహా" అంది అలింగ్ ఇస్యాంగ్. ఇహా అంటే అమ్మాయీ అని. ఆవిడ అందరినీ అలాగే పిలిచేది, దోన్యా పూరాను తప్ప.

సోరింగ్ చదివింది. "సోరింగ్, నీ సినిమాకి మూడుసార్లు వెళ్లాను. నువ్వు అందులో లేవు. నీ ముక్క కోసేశారేమో అనుకున్నాను. నువ్వు వచ్చినప్పుడల్లా హాల్లో అందరూ అదిగో అదిగో అంటున్నారు. అప్పుడు మాట్లాడేది వేరే ఆవిడ. వయసు యాభై దాటింది. ఎడమవైపు పన్ను ఒకటి లేదు. ఆవిడ మంచిదే కావచ్చు. నేను వెళ్లింది ఆవిడ కోసం కాదు. నువ్వు నిజంగా సినిమాల్లో ఉన్నావా, లేక ఇంకేదైనా పని చేసుకుంటూ నాకు అబద్ధం చెబుతున్నావా? ఏ పనైనా తప్పు కాదు. అబద్ధం మాత్రం వద్దు."

అలింగ్ ఇస్యాంగ్ టీ కప్పు కింద పెట్టి, నాలుకతో ఎడమవైపు చిగురు తడుముకుంది. "మీ వాడు పోలీసుల్లో ఉండాల్సింది" అంది.

"ఇంకొక్క సినిమా ఉంది నాకు. నాలుగింటికే ఒప్పందం" అంది సోరింగ్. "అందులో మనోయ్‌కి నేను వినిపించాలి. లేకపోతే ఈ ఏడాదంతా నేను వాడికి అబద్ధమే."

మర్నాడు దోన్యా పూరా ఫ్లోరుకు వచ్చింది. ఆవిడ పాదాలకు సిమెంటు చల్లదనం పడదు. అందుకని ఆ పూట నేను ఆవిడ పాదాల కింద ఉన్నాను.

"దోన్యా, నాలుగో సినిమాకి నేనే మాట్లాడతాను" అంది సోరింగ్.

దోన్యా పూరా విసనకర్ర ఆపలేదు. "అమ్మాయ్, నీ ముఖం విమానంలో వచ్చింది. నీ నాలుక ఇంకా ఓడలోనే ఉంది. అది దిగాక చూద్దాం."

"ఒక్క సీను చాలు."

"ఒక్క సీనులో హాలు నవ్వితే చాలు, మిగతా పది రీళ్లూ నవ్వుతూనే ఉంటుంది. నీకు ముఖం ఇచ్చాడు దేవుడు. గొంతు నేనిచ్చాను. ఇద్దరిలో ఎవరి మీద నీకు ఫిర్యాదు?"

సోరింగ్ దేవుడి పేరూ చెప్పలేదు, ఆవిడ పేరూ చెప్పలేదు. సోమవారం నుంచి అలింగ్ ఇస్యాంగ్ దగ్గర పాఠాలు మొదలుపెట్టింది.

"నువ్వు ఆ పిల్లకి నేర్పితే నీ పని పోదా?" అని సౌండ్ ఇంజనీరు అడిగాడు.

"ఇరవై ఏళ్లుగా పదిహేడేళ్ల దాన్నే" అంది అలింగ్ ఇస్యాంగ్. "ఒక్క సినిమాకైనా నా వయసు నాకు తిరిగిస్తే కాళ్లు బారచాపుకుని కూర్చుంటా."

రోజూ మధ్యాహ్నం భోజనాల వేళ ఇద్దరూ వంతులవారీగా నా మీదకెక్కేవాళ్లు.

"మెసా."

"మిసా."

"మళ్లీ ప్రార్థనకి పోయావు. మెసా."

"మె... సా."

"ఆ. ఇప్పుడు బల్లే, కానీ ఒక కాలు కుంటిది. మళ్లీ అను."

రెండు నెలలు అలా గడిచాయి. సోరింగ్ స్క్రిప్టులో తెలియని ప్రతి తగాలోగ్ మాట కింద పెన్సిలుతో గీత గీసేది. అర్థం అడిగేది, పలికేది, మళ్లీ అడిగేది. నాలుగో సినిమా స్క్రిప్టు మూడొంతులు గీతలతో నిండిపోయింది. ఒక మాట కింద మాత్రం గీత గీయలేదు. ఆ మాట ఆమెకు తెలుసు. పుట్టినప్పటి నుంచీ తెలుసు.

ఆ మాట లంగ్గామ్.

సీను ఇది. మామిడితోటలో హీరో, హీరోయిన్ పోట్లాడుకున్నారు. ఎవరూ ముందు దిగిరారు. ఆమె ఉన్నట్టుండి, "కదలకు, నీ భుజం మీద లంగ్గామ్ ఉంది" అంటుంది. అని భుజం మీద చరుస్తుంది. ఆ వంకతో ఇద్దరూ నవ్వేస్తారు. తర్వాత పాట.

"అనగానే ఒక్కటి గట్టిగా కొట్టు" అని చెప్పాడు దిరెక్ ముందో.

"కొట్టాలా దిరెక్? పాపం కదా."

"పాపమేంటి? కొట్టకపోతే కరుస్తుంది."

మనీలాలోవి కరుస్తాయి కాబోలని ఆమె సర్దుకుంది. ఈ సంగతి తర్వాత తనే అలింగ్ ఇస్యాంగ్‌తో చెప్పింది.

మిట్టమధ్యాహ్నం. నన్ను గడ్డిలో పెట్టి, కదలకుండా కింద రాళ్లు పెట్టారు. సోరింగ్ ఎక్కింది. హీరో తెల్లచొక్కాలో ఎదురుగా నిలబడ్డాడు. కెమెరా తిరిగింది. పోట్లాట సవ్యంగానే సాగింది. తర్వాత ఆమె మాటలు ఆపింది.

నా మీద ఆమె మడమలు మెల్లగా లేచాయి. ఊపిరి బిగబట్టింది. హీరో భుజం మీదికి చూసింది. నేను కింద ఉన్నాను కాబట్టి ఆమె కళ్లు నాకు కనిపించలేదు. వేళ్ల బరువు మాత్రం తెలిసింది. అరుస్తున్న మనిషి వేళ్లు అలా ఉండవు. నిద్రపోతున్న పసిపిల్ల పక్కనుంచి నడిచేవాళ్ల వేళ్లలా ఉన్నాయి.

"కదలకు" అంది. గొంతు బాగా తగ్గించింది. "నీ భుజం మీద లంగ్గామ్ ఉంది."

కొట్టలేదు. చూపుడువేలు చాపి, ఏదో వచ్చి వాలుతుందన్నట్టు ఆపింది.

రమోన్ అల్తవాస్ మంచి నటుడేమీ కాదు. అయినా మెడ మాత్రం తిప్పి, చాలా నెమ్మదిగా తన భుజం వైపు చూసుకున్నాడు. స్క్రిప్టులో అది లేదు.

దిరెక్ ముందో కట్ చెప్పడానికి ఎంతసేపు తీసుకున్నాడంటే, కెమెరామన్ తిరిగి అతని వైపు చూశాడు.

"కట్. ఎందుకు కొట్టలేదు?"

"కొడితే ఎగిరిపోతుంది కదా దిరెక్."

"ఏది?"

"లంగ్గామ్."

"లంగ్గామ్ ఎగరడమేంటి?"

"రెక్కలుంటాయి కదా."

అందరికంటే ముందు నవ్వింది లైట్లు పట్టే మనిషి, సెబూ పక్కనున్న లేతె దీవివాడు. అతనికి రెండు భాషలూ వచ్చు. నవ్వు ఆపుకుంటూ అతనే విప్పి చెప్పాడు. "దిరెక్, మనీలాలో లంగ్గామ్ అంటే చీమ. మా వైపు లంగ్గామ్ అంటే పిట్ట."

ఇక తోటంతా నవ్వింది. సోరింగ్ నా మీద నుంచి దిగి, చెట్టు వెనక్కి వెళ్లి నిలబడింది.

దిరెక్ ముందో నవ్వలేదు. "ఇంకో టేకు తీద్దామా?" అని కెమెరామన్ అడిగాడు. "వద్దు" అన్నాడు. "ఇన్నేళ్లలో నా సినిమాలో ఒక మనిషి నిజంగా ఏదో చూడటం ఇదే మొదలు. అది అక్కడ లేకపోవడం మన లోపం."

పది రోజుల తర్వాత డబ్బింగ్. తెర మీద ఆ ముక్క మళ్లీ మళ్లీ తిరుగుతోంది. అలింగ్ ఇస్యాంగ్ నా మీద నిలబడి పదిహేడేళ్ల గొంతుతో ఆ మాటలు చెప్పింది. పెదాలు సరిగ్గా కలిశాయి. అయినా తెర మీద మనిషి ఒకటి చూస్తుంటే గొంతు ఇంకొకటి చెబుతున్నట్టుంది. మూడుసార్లు చెప్పి ఆగిపోయింది.

"దిరెక్, ఈ పిల్ల పిట్టను చూస్తోంది. నాకెంత చూసినా చీమే కనిపిస్తోంది. ఇది నా నోరు కాదు" అని దిగిపోయింది. "ఇహా, ఎక్కు."

దోన్యా పూరా ఆ వారం ఊళ్లో లేదు. "రెండే మాటలు. ఆవిడకి తెలియను కూడా తెలియదు" అన్నాడు దిరెక్ ముందో. తెలియదని అతను ఎలా అనుకున్నాడో నాకు ఇప్పటికీ అర్థం కాలేదు.

సోరింగ్ ఎక్కింది. రెండు నెలలు దేని కోసం నోరు తిప్పిందో ఆ మైకు ఎదురుగా ఉంది. ఎర్రదీపం వెలిగింది. మాట వచ్చింది. యాస కూడా చాలావరకు సరిగానే ఉంది. మాట మాత్రం చచ్చిపోయి వచ్చింది. రెండో టేకూ అంతే. మూడు, నాలుగు, ఐదు. లంగ్గామ్ అంటే చీమ అని ఇప్పుడామెకు తెలుసు. భుజం మీద చీమ ఉంటే ఎవరూ ఊపిరి బిగబట్టరు.

"నా వల్ల కాదు" అంది. నా మీద ఆమె మడమలు పూర్తిగా ఆనాయి.

అలింగ్ ఇస్యాంగ్ దగ్గరికొచ్చింది. "ఈ మాట ఎవరికి చెబుతున్నావు?"

"రమోన్‌కి."

"ఆ పొడుగాడికెందుకు? వాడికి చీమా ఒకటే, పిట్టా ఒకటే. ఎవరు వినాలని రెండు నెలలు నా బుర్ర తిన్నావు?"

"మనోయ్."

"మక్తాన్‌లో లంగ్గామ్ అంటే ఏంటి?"

"పిట్ట" అంది సోరింగ్.

"మరి మనీలాతో నీకేం పని? అక్కడికే చెప్పు."

ఎర్రదీపం మళ్లీ వెలిగింది. మడమలు లేచాయి. ఆరో టేకు తీసుకున్నారు. సౌండ్ ఇంజనీరు హెడ్‌ఫోన్లు తీసి, ఒకసారి ఎవరూ లేని వైపు చూసి, మళ్లీ పెట్టుకున్నాడు.

మనీలాలో సినిమా విడుదలైంది. ఆ మాట దగ్గర హాలు గొల్లుమంది. రెండో ఆట నుంచి కుర్రకారు ముందే సిద్ధంగా ఉండి, ఆమెతో పాటు గుసగుసగా ఆ మాటలు అనేవాళ్లట. ఒక పత్రిక 'చీమను చూసి మైమరచిన సుందరి' అని శీర్షిక పెట్టింది. దోన్యా పూరా సినిమా చూసి వచ్చి, "నాలుక దిగేదాకా ఆగమన్నాను" అంది. కోపంగా అనలేదు. కొత్త ఒప్పందం కాగితం తయారై ఉంది. దాన్ని సొరుగులోంచి తీయలేదు. ఆరు అభిమాన సంఘాల్లో నాలుగు, నెల తిరగకుండా ఇంకో అమ్మాయి పేరు మీదికి మారాయి. సంఘాధ్యక్షులు మాత్రం మారలేదు.

నాలుగు సినిమాలు, పంతొమ్మిది నెలలు, సొంత గొంతుతో రెండు వాక్యాలు. లిగాయా మోంతెస్ సినీజీవితం అంతే.

నా సంగతి కూడా ఇక్కడే చెప్పేస్తాను. స్టూడియో మూతపడ్డాక పాతసామాను కింద నన్ను అమ్మేశారు. చాలా చేతులు మారి, ఒక చిన్న సినిమా మ్యూజియంలో తేలాను. గాజు వెనక పెట్టారు. ముందు ఒక కార్డు ఉంది: 'హీరో రమోన్ అల్తవాస్ నిలబడిన పెట్టె'. హీరో పొట్టివాడై ఉంటాడని, గుట్టుగా పెట్టె వాడేవాడని గైడు సందర్శకులకు నవ్వుతూ చెబుతాడు. ఆరడుగుల ఒక అంగుళం మనిషికి చచ్చాక ఈ గతి పట్టింది. ఆ నాలుగు సినిమాల రీళ్లు ఎక్కడా దొరకలేదట. లిగాయా మోంతెస్ అనే తార ఉండేదని కార్డు రాసినవాళ్లకు తెలియదు.

దాని గురించి నాకు పెద్దగా బెంగ లేదు. కారణం ఆఖరి రోజు నేను విన్న ఉత్తరం.

సోరింగ్ ఆ పొద్దున బట్టల పెట్టెతో డబ్బింగ్ థియేటరుకు వచ్చింది. ఓడ సాయంత్రం నాలుగింటికి. సెబూలో సినిమా విడుదలై అప్పటికి వారం. ఉత్తరం ఆ రోజు టపాలోనే వచ్చింది. విప్పలేదు.

"నువ్వు చదువు" అని అలింగ్ ఇస్యాంగ్ చేతికిచ్చి, నా మీద కూర్చుంది. ముడుకులు దగ్గరికి లాక్కుంది. నలభై కిలోలు లేదు. ముప్పై ఎనిమిది ఉంటుందేమో.

అలింగ్ ఇస్యాంగ్ గొంతు సవరించుకుంది. రేడియో గొంతుతో కాకుండా తన అసలు వయసు గొంతుతో చదివింది.

"సోరింగ్, ఈసారి ఉన్నావు. సినిమా సగం దాటాక రెండు మాటలు మాట్లాడావు. మొదటి మాటకే లేచి నిలబడ్డాను. వెనకాల వాళ్లు కూర్చోమన్నారు. కూర్చోలేదు. నువ్వు పిట్ట ఉందన్నావు. హాల్లో ఒక్కరూ నవ్వలేదు. మనీలా మాటల్లో దానికి వేరే అర్థముందని పక్కింటావిడ బయటికొచ్చాక చెప్పింది. నీ గొంతుతో విన్నాక ఇంకో అర్థం ఎవరికి గుర్తొస్తుంది? అప్పుడు నేను పక్కవాణ్ణి, పిట్ట ఏ రకం అని అడిగాను. కనిపించడం లేదన్నాడు. ఇటుపక్క ఆవిడనీ అడిగాను. ఆవిడా చూడలేకపోయింది. అందరూ వెతుకుతున్నారు. కాసేపు ఆ హాల్లో కళ్లున్నవాళ్లూ నేనూ ఒకటే. నువ్వు అబద్ధం చెప్పలేదు. ఇక నీకు ఎప్పుడు రావాలనిపిస్తే అప్పుడు రా."

అలింగ్ ఇస్యాంగ్ కాగితం తిప్పింది. "ఇంకో లైనుంది. 'మిగతా సినిమా అంతా మాట్లాడిన ఆవిడకు నా నమస్కారాలు. ఆ పన్ను సంగతి చూసుకోమని చెప్పు.'"

సోరింగ్ ముఖం ముడుకుల మీద పెట్టుకుంది. ఏడుస్తోందో నవ్వుతోందో నాకు తెలియలేదు. బరువు రెండింటికీ ఒకేలా కదులుతుంది.

"మీ అన్నకి రాయి" అంది అలింగ్ ఇస్యాంగ్. "ఆ పన్ను పెట్టించుకుంటే నాకు పద్దెనిమిదేళ్లు వస్తాయి, ఎవరూ వేషాలివ్వరు అని."

సోరింగ్ లేచి, ఉత్తరం మడిచి జాకెట్లో పెట్టుకుని, పెద్దవాళ్ల చెయ్యి నుదుటికి ఆనించుకునే ఆ దేశపు పద్ధతిలో ఆవిడ చెయ్యి అందుకుని ఆనించుకుంది. బట్టల పెట్టె తీసుకుని వెళ్లిపోయింది.

పదకొండు గంటలకు కొత్త హీరోయిన్ సినిమాకు డబ్బింగ్ ఉంది. అలింగ్ ఇస్యాంగ్ నా మీదకెక్కింది. ఎనభై రెండు కిలోలు. ఎర్రదీపం వెలిగింది. తెర మీద ఆ కొత్తమ్మాయి పెదాలు కదిలాయి. ఆవిడ నోటి నుంచి మాట రాలేదు.

రీలు వెనక్కి తిప్పారు. రెండోసారీ రాలేదు.

"ఏమైంది?" అన్నాడు సౌండ్ ఇంజనీరు అద్దం అవతల నుంచి.

"ఏం లేదు" అంది ఆవిడ. "ఒక్క నిమిషం ఆగు. నాకు వయసు తగ్గడం లేదు."